తాటిపట్టె వంతెనకు చరిత్ర అక్కరలేదా?

వారధి అనగానే మన తెలుగువాళ్లకు ముందు శ్రీరామచంద్రుడు గుర్తుకొస్తాడు, తరువాత కాటన్ దొర గుర్తుకొస్తాడు. ఇద్దరి మధ్యా ఎవరూ లేరు. నలుడు చెట్లూ కొండరాళ్లూ వేసి సముద్రం మీద వారధి కట్టినప్పుడు, ఒళ్లంతా ఇసుక అంటించుకుని వచ్చి దులిపిపోయిన ఉడతను వాల్మీకి చెప్పకపోయినా మన రంగనాథ రామాయణం మరువలేదు. ‘ఉడతాభక్తి’ అనే మాట నేటికీ మన నోళ్లలో ఆడుతూనే ఉన్నది. ఉడత చేసిన సాయాన్ని ఇన్ని వందల ఏళ్లుగా చెప్పుకుంటున్న జాతి, కృష్ణా డెల్టాలో కాలువలు తవ్విన నాటి నుంచి ఊరూరా కర్రవంతెనలు వేసిన వడ్రంగులలో ఒక్కడి పేరైనా చెప్పలేకపోవడం ఏమిటి? ఈ ప్రశ్న అడగడానికే విద్యార్థి మిత్రులు ఈ సంచికలో నాకిచ్చిన నాలుగు పేజీలూ వాడుకుంటున్నాను.

“కర్రవంతెనకు చరిత్ర ఏమిటండీ? రెండు తాటిమొద్దులు పడేస్తే వంతెన, పుచ్చిపోతే ఇంకో రెండు పడేస్తారు, అంతే కదా” అన్నారు నాతో ఒక మిత్రులు. ఆయన చరిత్ర అధ్యాపకులు కూడాను! చరిత్ర అంటే శాసనమో, రాతిస్తంభమో, కనీసం ఒక కలెక్టరు దొర సంతకమో ఉండాలని మనలో పాతుకుపోయిన నమ్మకం అది. అమరావతి స్తూపం పక్కన పుట్టినవాళ్లం కాబట్టి రాయి అంటే మనకు గౌరవం ఎక్కువ. కర్ర అంటే పొయ్యిలోకే.

కర్రవంతెనలకు చరిత్ర రాసుకున్న దేశాలున్నాయి. అవి పైకప్పు ఉన్న వంతెనలు. అంటే వంతెన మీద ఇంటికి వేసినట్టు రెండు వాలుల కప్పు వేసి, పక్కల బల్లలు కొట్టి, మనుషులూ బళ్లూ ఒక పొడుగాటి చావడిలోంచి నడిచినట్టు దాటే ఏర్పాటు. స్విట్జర్లాండులోని లూసర్న్ పట్టణంలో పధ్నాలుగో శతాబ్దిలో కట్టిన అలాంటి వంతెన ఇంకా నిలబడి ఉన్నది. లోపలి దూలాల మీద పదిహేడో శతాబ్దిలో వేయించిన బొమ్మలుండేవి. 1993 ఆగస్టు 18న నిప్పంటుకుని వంతెన చాలా భాగం తగలబడితే, ఆ ఊరివాళ్లు ఏడాది తిరక్కుండానే 1994 ఏప్రిల్లో తిరిగి కట్టుకున్నారు. బొమ్మల్లో మాత్రం మూడింట రెండొంతులు పోయాయి. అమెరికాలో మొట్టమొదటి కప్పు వంతెనగా చెప్పుకునేది ఫిలడెల్ఫియా దగ్గర స్కూల్‌కిల్ నది మీద 1805లో పూర్తయింది. కట్టిన వడ్రంగి తిమోతీ పామర్. “దీనికి కప్పు వేస్తే ఎక్కువ కాలం మన్నుతుంది” అని పట్టుబట్టినవాడు రిచర్డ్ పీటర్స్ అనే న్యాయమూర్తి. చూశారా, ఆ వంతెన పోయి ఎంతో కాలమైనా కట్టినవాడి పేరూ సలహా చెప్పినవాడి పేరూ రెండూ మిగిలాయి. పల్లెటూళ్లలో వేసిన ఇలాంటి వంతెనల్లో 1866 నాటి కార్నిష్-విండ్సర్ వంతెన అక్కడ కనెక్టికట్ నది మీద నేటికీ నడుస్తున్నది.

చైనావాళ్ల సంగతి మరీ ముచ్చటైనది. అక్కడి డాంగ్ జాతివాళ్లు తమ కప్పు వంతెనలను ‘గాలివాన వంతెనలు’ అంటారు. ఎండావానా వస్తే ఆగడానికి, కూర్చుని కబుర్లాడడానికి, దేవుడికి దణ్ణం పెట్టుకోవడానికి అన్నీ అక్కడే. ఫుజియన్, జెజియాంగ్ రాష్ట్రాలలో కొండవాగుల మీద వేసిన కర్రవంతెనల దూలాల పైన, వంతెన వేసిన మేస్త్రీల పేర్లూ, చందాలిచ్చినవాళ్ల పేర్లూ సిరాతో రాసి పెట్టే ఆచారం ఉన్నది. తరతరాల వడ్రంగి కుటుంబాలను ఆ దూలాలు చూసి లెక్కగట్టారు. ఆ విద్య అంతరించిపోతున్నదని 2009లో యునెస్కో తక్షణం కాపాడవలసిన వాటి జాబితాలో చేర్చింది. 2022 ఆగస్టు 6 రాత్రి ఫుజియన్‌లో సుమారు వంద మీటర్ల పొడవున్న వానాన్ వంతెన కాలిపోయినప్పుడు, సాంగ్ రాజుల కాలం నుంచి దానికి ఎన్నిసార్లు ఏ మరమ్మతు జరిగిందో వెంటనే చెప్పగలిగారు.

ఇంతకూ కప్పు ఎందుకు? అందం కోసం కాదు. దాటేవాడి నెత్తి తడవకుండా ఉండడానికి కూడా కాదు. కర్ర ఎప్పుడూ పొడిగా ఉంటే చెడదు, ఎప్పుడూ నీళ్లలో మునిగి ఉన్నా అంత తొందరగా చెడదు. తడిసి ఆరి, తడిసి ఆరి ఉంటేనే పుచ్చిపోతుంది. అతుకు ఉన్నచోట, మేకు దిగినచోట, దుంగ గట్టు మట్టిని తాకినచోట నీళ్లు నిలుస్తాయి, చేటు అక్కడ మొదలవుతుంది. కప్పు లేని వంతెన పది పదిహేనేళ్లు నిలిస్తే గొప్ప. కప్పు వేసి ఆ అతుకులను వాన నుంచి కాపాడితే వందేళ్లు దాటినవి ఎన్నో ఉన్నాయి. పుచ్చిన బల్ల తీసి కొత్త బల్ల వేయడం కప్పు వల్ల ఏమీ తప్పలేదు. కాకపోతే కప్పు వేసిన వంతెనను మనుషులు ‘మన వంతెన’ అనుకున్నారు. పేరు పెట్టారు, పద్దు రాశారు, పుచ్చితే ఎవరు బాగుచేయాలో తేల్చుకున్నారు. నాకు ఆ పద్దు మీదనే ఆసక్తి, కప్పు మీద కాదు.

ఇక మన సంగతికి వద్దాం. మన డెల్టాలో కప్పు వంతెన లేదు. లేకపోవడానికి కారణాలు వెదికితే అవే ఒక చరిత్ర పాఠం.

నేను ఉండేది భవానీపురం. మేము కృష్ణ ఒడ్డునే ఉంటాం గాని నిజానికి కాలువలవాళ్లం కాము. ఇంద్రకీలాద్రి దాటి కిందికి వస్తేనే కాలువలు మొదలవుతాయి. ఆ కొండకూ సీతానగరం కొండకూ మధ్య 1852లో మొదలుపెట్టి 1855లో ఆనకట్ట ముగించారు. నందన కరువులో, అంటే 1832-33లో గుంటూరు సీమ ఎముకల గూడు అయిన తరువాత ఇరవై ఏళ్లకు వచ్చిన బుద్ధి అది. ఆ ఆనకట్ట 1952లో తెగింది. 1954లో పని మొదలై 1957 డిసెంబరుకు ఇప్పటి బ్యారేజీ లేచింది, ఆ యేడే కన్నుమూసిన ప్రకాశం పంతులు గారి పేరు పెట్టారు. ఇటు ఏలూరు కాలువ, రైవస్ కాలువ, బందరు కాలువ. అటు పశ్చిమ కాలువ, దాని వెంట కొమ్మమూరు కాలువ, పెదగంజాం దగ్గర బకింగ్‌హాం కాలువ. పన్నెండు లక్షల ఎకరాల పైచిలుకు ఆయకట్టు. ఈ మాటలన్నీ మీకు చిన్న తరగతుల్లోనే కంఠతా వచ్చి ఉంటాయి.

పుస్తకాల్లో రాయని ముక్క ఒకటున్నది. కాలువ తవ్వడమంటే నీళ్లివ్వడం మాత్రమే కాదు, ఊరిని రెండుగా కోయడం కూడా. నిన్నటిదాకా నడిచి వెళ్లిన పొలానికి ఇవాళ మధ్యన నీళ్లు. బడి ఒక గట్టున, ఇల్లు ఒక గట్టున. కాలువకు పక్కకాలువ, దానికి పంటబోదె, కింద మురుగుకాలువ. ఇన్ని నీళ్ల గీతలు గీసిన దేశంలో ప్రతి గీత మీదా ఒక దాటుచోటు కావాలి. పెద్ద కాలువల మీద సర్కారు ఇటుకా సున్నంతో వంతెనలు కట్టింది. లాకుల దగ్గర తలుపుల మీద అడ్డంగా నడిచే సన్నబాట ఉండేది. మిగిలిన వందలాది చోట్ల ఊరివాళ్లే ఏదో ఒకటి వేసుకున్నారు. ఆ ‘ఏదో ఒకటి’ సాధారణంగా తాటిచెట్టు.

తాటిచెట్టు మిగిలిన చెట్ల వంటిది కాదు. టేకుకూ తుమ్మకూ చేవ లోపల ఉంటుంది; తాడికి చేవ బయట, గుజ్జు లోపల. ముదురు మానును నిలువునా చీల్చి లోపలి గుజ్జు తోడేస్తే నల్లటి, ఉక్కులాంటి పట్టె మిగులుతుంది. అదే ఇంటికి దూలం, వాసం. అదే కొల్లేట్లో దోనె. అదే కాలువ మీద వంతెన. వెడల్పు తక్కువైతే ఒకే దుంగ. ఎక్కువైతే మధ్యలో గుంజలు దిగేసి రెండు మూడు అంకణాలు. పట్టుకోవడానికి ఒక పక్క వెదురుబద్ద. పట్టె వంపు పైకి వేయాలా కిందికి వేయాలా అనేదానికి ఊరికో వాదం. కిందికి వేస్తే దోనెలాగా నీళ్లు నిలిచి పుచ్చుతుంది. పైకి వేస్తే నీళ్లు జారిపోతాయి, దాంతోపాటు మనిషీ జారిపోతాడు. ఆ వాదంలో ఒక ఇంజనీరింగ్ కళాశాల అంత విద్య ఉన్నది, కాని పరీక్షకు ఎవరూ ఇవ్వలేదు.

దీనికి కప్పు ఎందుకు వేయలేదంటే, ముందుగా చవక. తాడి డెల్టా గట్ల మీద తనంతట తాను పెరుగుతుంది. పుచ్చిన దుంగ పోతే కొత్త దుంగ. కప్పుకు పెట్టే ఖర్చుతో నాలుగు వంతెనలు వస్తాయి. పైగా గడ్డిబండి ఉన్నది. కుప్పనూర్పిళ్లయ్యాక గడ్డి వేసుకొచ్చే బండి ఎత్తు చూసినవాళ్లకు చెప్పనక్కరలేదు. అమెరికావాళ్లు కప్పు వంతెన వాకిలి ఎంత ఉండాలో గడ్డిబండిని చూసే నిర్ణయించేవారట. మన గడ్డిబండికి అంత వాకిలి పెడితే అది వంతెన కాదు, గాలిగోపురం. అన్నిటికన్నా పెద్ద కారణం గాలి. బంగాళాఖాతం మీద లేచే తుఫానుకు కప్పు అంటే తెరచాప. 1977 నవంబరు 19న దివిసీమ మీద విరుచుకుపడ్డ ఉప్పెనలో వేలమంది పోయారు, సర్కారు లెక్కే పదివేల దాకా ఉన్నది. ఆ రాత్రి చెట్టును కౌగిలించుకుని బ్రతికి బయటపడ్డవాళ్లున్నారు గాని కప్పు కింద తలదాచుకుని ఎంతమంది బ్రతికారు?

కాబట్టి కప్పు లేకపోవడం మన తెలివితక్కువ కాదు. దాన్ని నేను తప్పుపట్టను. నేను తప్పుపట్టేది పద్దు లేకపోవడాన్ని. సర్కారువాళ్లు రాసుకున్నారు. 1883లో మెకంజీ దొర కృష్ణా జిల్లా మాన్యువల్ రాశాడు, 1899లో వాల్ష్ దొర కృష్ణా డెల్టా పనుల మీద ఒక గ్రంథమే రాశాడు. వాళ్లు వాళ్లు కట్టినవాటిని గూర్చి రాసుకున్నారు, సబబే. మనం కట్టినవాటిని గూర్చి ఎవరు రాయాలి? మళ్లీ దొరలే రావాలా?

ఇప్పటి సంగతి చూడండి. 2024 సెప్టెంబరులో కృష్ణకు 11.43 లక్షల క్యూసెక్కుల వరద వచ్చింది. పై నుంచి కొట్టుకొచ్చిన పడవలు బ్యారేజీ గేట్లకు తగిలి కౌంటర్‌వెయిట్లు దెబ్బతిన్నాయి. ఎన్నో నంబరు గేటు, ఎవరు బాగుచేస్తున్నారు, పడవల్ని ఎలా తీస్తున్నారు — గంట గంటకూ వార్తలొచ్చాయి. రావలసిందే, మన ప్రాణం అందులో ఉన్నది. కాని పెద్ద వంతెనకు గీత పడితే రాష్ట్రమంతటికీ తెలిసే రోజుల్లో, పొలాల మధ్య పంటబోదె మీద బల్ల ఊడితే ఆ ఊరి సర్పంచికైనా తెలుస్తున్నదా అనేది నా అనుమానం. తెలిసేది దాని మీద నడిచేవాళ్లకే.

ఇక్కడికి వచ్చేసరికి అసలు మాట చెప్పక తప్పదు. కర్రవంతెన చరిత్ర అంటే ఎవరు ఎన్నాళ్లు దాని మీద నడవవలసి వచ్చింది అనే చరిత్ర. మా అమ్మమ్మగారి ఊళ్లో — ఊరి పేరు చెప్పను, అలాంటి ఊళ్లు డెల్టాలో యాభై దొరుకుతాయి — ఒకే కాలువ మీద ఫర్లాంగు దూరంలో రెండు దాటుచోట్లు ఉండేవి. ఒకటి రథం వీధికి ఎదురుగా, ఒకటి పేటకు ఎదురుగా. రెండూ తాటిపట్టెలే. రథం వీధి వంతెన సిమెంటుదైన తరువాత కూడా చాలా ఏళ్లు పేట వంతెన తాటిపట్టెగానే ఉండిపోయింది. వానాకాలంలో శవాన్ని శ్మశానానికి తీసుకుపోవాలంటే ఆ నలుగురూ పాడె మోస్తూ ఆ పట్టెల మీద నడవలేక, నడుముల్లోతు నీళ్లలో దిగి దాటడం నేను చిన్నప్పుడు చూశాను. రథం వీధి వంతెన మీదుగా తీసుకుపోవచ్చు కదా అని మా అమ్మమ్మను అడిగితే ఆమె ఏమీ చెప్పలేదు, లోపలికి పొమ్మంది. ఏ కాలువ మీద ఏ సంవత్సరం ఏ వంతెన కర్ర నుంచి సిమెంటుకు మారిందో ఒక పట్టిక వేస్తే, డెల్టా సామాజిక చరిత్ర చాలామటుకు ఆ పట్టికలోనే బయటపడుతుంది. పెద్ద పెద్ద సిద్ధాంతాలు తరువాత రాసుకోవచ్చు.

అందుకే, పాత కర్రవంతెన ఎంత బాగుండేదో అని నిట్టూర్చే వ్యాసాలంటే నాకు పడదు. ఈ మధ్య సంక్రాంతి సంచికల్లో అలాంటి ఫోటోలు తరచు వస్తున్నాయి. కింద నీళ్లు, పక్కన కొబ్బరిచెట్లు, మధ్యలో పల్చటి దుంగ మీద బిందెతో ఒక స్త్రీ. ఫోటో తీసినవాడు గట్టు మీద ఉన్నాడు, ఆమె దుంగ మీద ఉన్నది! నెత్తిన గడ్డిమోపు, చంకన పిల్ల, కాలికింద నాచు పట్టిన పట్టె — ఆ దారిన నిత్యం నడిచినవాళ్లెవరూ దాన్ని తిరిగి తెమ్మని అడగరు. సిమెంటు వంతెన రావడం మంచిదే. అది ఇంకా రాని చోట్లు ఉన్నందుకే బాధపడాలి. పులిగడ్డ - పెనుమూడి వంతెన 2006లో తెరిచేదాకా దివిసీమవాళ్లు ఎదురుగా కనిపించే రేపల్లె వైపుకు పడవ కోసం ఎదురుచూశారు. అందాకా వాళ్లకు పడవవాడి భోజనవేళే ప్రయాణవేళ.

పోగొట్టుకున్నది వంతెనను కాదు, దాని వెనకాల ఉన్న ఒడంబడికను. తాటిచెట్టు ఫలానా వాళ్ల గట్టుది, నరికేది వీళ్లు, చీల్చేది వడ్రంగి, మోసేది ఇంటికొక మనిషి, వడ్రంగికి కల్లంలో ఇన్ని కుంచాల ధాన్యం. వేసవిలో కాలువ కట్టేసినప్పుడు పని. ఆ ఏర్పాటులో న్యాయం ఎంత, వెట్టి ఎంత అన్నది కూడా తేల్చవలసిన ప్రశ్నే. ‘ఇంటికొక మనిషి’ అన్నప్పుడు ఎవరి ఇంటి నుంచి మనిషి వచ్చాడు, ఎవరి ఇంటి నుంచి మాట మాత్రమే వచ్చింది? ఇది అడిగితే జవాబు చెప్పగలవాళ్లు ఇప్పుడు ఎనభై ఏళ్ల పైబడ్డవాళ్లు. వాళ్ల జ్ఞాపకానికి కూడా కప్పు లేదు మరి.

కనుక మన విద్యార్థి సంఘానికి నా సూచన ఒకటే. ప్రతి ఏడూ వార్షికోత్సవానికి షామియానాకూ మైకుసెట్టుకూ పెట్టే ఖర్చులో పదో వంతు తీసి పక్కన పెట్టండి. ఒక్క కాలువ ఎంచుకోండి. రైవస్ కాలువో, బందరు కాలువో, ఏదైనా సరే. పదిమంది సైకిళ్ల మీదో మోటారు సైకిళ్ల మీదో గట్టు వెంట బయలుదేరండి. చరిత్రవాళ్లే పోనక్కరలేదు, వృక్షశాస్త్రంవాళ్లు కర్ర సంగతి చూస్తారు, కామర్సువాళ్లు పంచాయతీ పద్దులు చూస్తారు, తెలుగువాళ్లు మాటలు పట్టుకుంటారు. పట్టె, గుంజ, అంకణం, దాటు, రేవు, చప్టా — ఒక్కో ఊళ్లో ఒక్కో మాట, నిఘంటువుల్లో ఎక్కినవి ఎన్నో ఎక్కనివి ఎన్నో. ‘లాకులు’ అనే మాటే చూడండి, ఇంగ్లీషువాడు లాక్ అని పెట్టిపోతే మనవాళ్లు బహువచనం చేసుకుని ఊళ్లలో సెంటర్లకు పేరుగా పెట్టుకున్నారు. ప్రతి దాటుచోటు దగ్గరా ఆగి అడగండి: చెట్టు ఎవరిది? వేసింది ఎవరు? ఎవరు నడిచేవారు, ఎవరిని నడవనిచ్చేవారు కాదు? ఎవరు పడ్డారు? సిమెంటుది ఏ యేడు వచ్చింది? చెప్పినవాళ్ల పేరు, వయసు, ఊరు రాసుకోండి. వడ్రంగి పేరు దొరికితే మాత్రం పెద్ద అక్షరాలతో రాయండి.

లైబ్రరీలో ఒక బీరువా అడిగితే ప్రిన్సిపాలుగారు కాదనరనే అనుకుంటున్నాను. పోయినసారి క్రికెట్ కిట్లకు రెండు బీరువాలు ఇచ్చారు.

వెళ్లేది ఎండాకాలంలో వెళ్లండి, పరీక్షలైన వెంటనే. అప్పటికి కాలువలు కట్టేసి ఉంటారు. నీళ్లు తీసిన కాలువ అడుగున, సిమెంటు వంతెనకు పది బారల ఎగువనో దిగువనో, బురదలోంచి నల్లటి మొదళ్లు రెండు వరసలుగా పైకి పొడుచుకుని కనిపించే చోట్లు ఉన్నాయి. నీళ్లలో మునిగి ఉన్నందువల్ల పుచ్చకుండా మిగిలిన పాత గుంజలు అవి. టేపు తీసుకువెళ్లి వాటి మధ్య దూరం కొలవండి. జూన్‌లో నీళ్లు వదిలితే మళ్లీ కనిపించవు.